మాది త్రీజీ వంశం

మా పెద్దనాయన సంక్రాంతి నాడు ఉమ్మి ఊశాడు. మామూలుగా ఆయన ఊస్తే అరుగు పక్కనున్న వేపచెట్టు మొదట్లో పడుతుంది, ఎవరూ పట్టించుకోరు. ఈసారి ప్లాస్టిక్ గొట్టంలో ఊశాడు. ఉమ్మిలోని డీఎన్ఏ చూసి వంశం తేల్చే పరీక్ష కోసం అమెరికాలో ఉన్న కొడుకు పండక్కి వస్తూ తెచ్చిన గొట్టం అది. అరగంట ముందు నుంచి వక్కాకు నమలకూడదు, బీడీ తాగకూడదు అని షరతు. డెబ్బై మూడేళ్ల మనిషి అరగంట సేపు నోరు ఖాళీగా పెట్టుకుని కూర్చోవడం ఎన్నడూ చూడలేదని మా పెద్దమ్మ పక్కింటి వాళ్లను కూడా పిలుచుకొచ్చింది.

జమ్మలమడుగు పక్కన పల్లె మాది. పేరు చెప్పను. చెబితే మళ్లీ పండక్కి వెళ్లలేను.

రెండు నెలలకు ఫలితం వచ్చింది. తండ్రి వైపు వంశం: ఆర్ 1ఎ. పెద్దనాయన ఆ కాగితాన్ని కళ్లజోడు పెట్టుకుని ఒకసారి, తీసి ఒకసారి చూశాడు. “ఒకటో నంబరు. పైగా ఏ గ్రేడు. నేను మొదటి నుంచీ చెప్తానే ఉండా” అన్నాడు. ఆ సాయంత్రానికి ఊళ్లో సగం మందికి మాది ఏ గ్రేడు వంశమని తెలిసిపోయింది. మిగతా సగం మందికి ఆయన మరుసటి రోజు చెప్పాడు.

నేను సోషల్ టీచర్‌ని. వివరించే భారం నా మీద పడింది.

విషయం ఇదీ. మగవాడికి ఉండే వై క్రోమోజోము అనే డీఎన్ఏ పోగు తండ్రి నుంచి కొడుక్కి దాదాపు ఉన్నదున్నట్టు వస్తుంది. అందులో ఎ, సి, జి, టి అనే నాలుగు రసాయన అక్షరాలే మళ్లీ మళ్లీ వస్తూ మొత్తం ఆరు కోట్ల ఇరవై లక్షల పైచిలుకు అక్షరాలుంటాయి. మొదటి నుంచి చివరి దాకా వాటిని చదివి ప్రకటించింది 2023లో. అంత పొడవు రాతను తరతరాలుగా నకలు తీస్తూ పోతే ఎక్కడో ఒకచోట తప్పు పడుతుంది. పడిన తప్పు ఆ మనిషి కొడుక్కి, మనవడికి, వాడి మునిమనవళ్లందరికీ సంక్రమిస్తుంది. శాస్త్రవేత్తలు ఆ తప్పుల్ని పట్టుకుని ఫలానా తప్పు ఉన్నవాళ్లంతా ఫలానా మూలపురుషుడి సంతానమని లెక్క కడతారు. ఆర్ 1ఎలో మన దేశంలో కనిపించే ప్రధానమైన శాఖను గుర్తుపట్టే తప్పు పేరు ఎం 17. నాలుగు ‘జి’లు వరసగా ఉండాల్సిన చోట ఒకటి ఊడిపోయి మూడే మిగిలాయి.

అంటే ఫోర్‌జీ నుంచి త్రీజీకి దిగిన వంశం మాది.

రేషన్ కార్డులో మా ఇంటిపేరులోని ఒక అక్షరం ఊడిపోతే ఆరు నెలలు ఒక ఆఫీసు చుట్టూ తిరిగాను నేను. అదే తప్పు వేల ఏళ్ల కిందట జరిగి, ఎవడూ దిద్దకుండా వదిలేస్తే దాన్ని వంశగౌరవం అంటారని నాకు అప్పుడు తెలిసుంటే అఫిడవిట్ ఖర్చు మిగిలేది.

పెద్దనాయన ఇవేమీ వినే స్థితిలో లేడు. ఆయన ప్రశ్న ఒక్కటే: “మన మూలపురుషుడు యాడోడు?” గండికోటలో కత్తి పట్టిన వంశమని ఆయన నమ్మకం. మా ఇంట్లో ఇప్పుడున్నది కొబ్బరికాయ కొట్టే మచ్చుకత్తి ఒక్కటే. నేను గండికోట దాటించి ఆయన్ని సైబీరియాకు తీసుకుపోయాను. బైకాల్ సరస్సు దగ్గర మాల్టా అనే చోట 24 వేల ఏళ్ల కిందట చనిపోయిన ఒక పిల్లవాడి ఎముకల్లో ‘ఆర్’ వంశపు పాత గుర్తు దొరికిందని 2013లో ప్రకటించారు. “అంత చలిలో మనోడు ఏం చేస్తాండె?” అని పెద్దనాయన అడిగాడు. శాస్త్రానికి కూడా అంతు దొరకని ప్రశ్న కాబట్టి నేను ముందుకు పోయాను.

ఆ తర్వాత వంశం చీలింది. ఒక కొమ్మ యూరప్‌లో పాకింది. పోలండ్ మగవాళ్లలో సగం మందికి పైగా ఆర్ 1ఎలే. ఇంకో కొమ్మ, జెడ్ 93 అనేది, మధ్య ఆసియా మీదుగా మన వైపు వచ్చింది. ఈ రెండూ విడిపోయి సుమారు 5,800 ఏళ్లని ఒక అంచనా. అసలిది ఇక్కడే పుట్టిందని వాదించిన పండితులు లేకపోలేదు. 2003లో మన చెంచుల్లో కూడా ఈ గుర్తు కనిపించినప్పుడు ఆ వాదానికి బలం వచ్చింది. తర్వాత పాత ఎముకల్లోంచి డీఎన్ఏ తీయడం నేర్చుకున్నారు. 2019లో 523 మంది ప్రాచీనుల డీఎన్ఏ పరీక్షించి, స్టెప్పీ గడ్డి మైదానాల్లో పశువులు కాచుకునే జనం క్రీస్తుకు పూర్వం 2000 నుంచి 1500 మధ్య ఇటు వచ్చి కలిశారని తేల్చారు. ఆ ఏడాదే హరప్పా నాగరికతకు చెందిన రాఖీగఢీ అస్థిపంజరం ఫలితం కూడా వచ్చింది. అరవైకి పైగా నమూనాలు పరీక్షిస్తే ఒక్కదాంట్లోనే పనికొచ్చే డీఎన్ఏ దొరికింది. అది ఆడమనిషిది. వై లేదు.

“అంత తవ్వి ఆడమనిషినా తీసింది?” అన్నాడు పెద్దనాయన. దేశంలో చాలామంది మేధావులు కూడా అప్పుడు లోపల ఇదే అనుకుని ఉంటారు, బయటికి అనలేదంతే.

ఇక్కడ స్థానికత అనే చిక్కు వచ్చింది. మనకు ఉద్యోగాల్లో నాలుగో తరగతి నుంచి పదో తరగతి దాకా ఎక్కడ చదివారో చూసి లోకల్, నాన్‌లోకల్ తేలుస్తారు. కర్నూలు వైపు జ్వాలాపురంలో 74 వేల ఏళ్ల నాటి టోబా అగ్నిపర్వతం బూడిద ఉంది. ఎక్కడో ఇండోనేషియాలో పేలిన కొండ బూడిద ఇక్కడ దాకా వచ్చి పడింది. ఆ బూడిద పొర కిందా రాతి పనిముట్లు దొరికాయి, పైనా దొరికాయి. కొండ పేలినా ఊరు ఖాళీ చేయని మనుషులు అప్పటికే ఉన్నారన్నమాట. వాళ్లతో పోలిస్తే నాలుగు వేల ఏళ్ల కింద గొడ్లు తోలుకుంటూ వచ్చిన మావాడు నాన్‌లోకలే. ఈ మాట నేను పెద్దనాయనకు చెప్పలేదు. జ్వాలాపురం వాళ్లకు కూడా తెలియనివ్వకండి. ఆ బూడిదను గిన్నెలు తోమే పొడికి తవ్వి అమ్ముకున్న నిరాడంబరులు వాళ్లు.

మరి అంతమంది మగవాళ్లుండగా కొన్ని వంశాలే ఎందుకిలా పాకాయి? ఏడు వేల నుంచి ఐదు వేల ఏళ్ల కిందటి కాలంలో ప్రపంచం చాలాచోట్ల వై వంశాల వైవిధ్యం దారుణంగా పడిపోయింది. ఆడవాళ్ల వైపు అలా కాలేదు. సంతానం మిగిలిన లెక్క చూస్తే పదిహేడు మంది ఆడవాళ్లకు ఒక్క మగవాడన్నట్టు ఉంది. 2018లో ముగ్గురు పరిశోధకులు దీనికి కారణం చెప్పారు: ఒకే తండ్రి పిల్లలంతా ఒక గుంపు కట్టి ఇంకో తండ్రి పిల్లల గుంపుతో కొట్టుకోవడం. ఓడిన గుంపులో మగవాళ్లంతా పోతే ఒక వంశం మొత్తం తుడిచిపెట్టుకుపోతుంది. చదువుతుంటే నాకు చాలా పరిచయమైన కథలా అనిపించింది. సినిమావాళ్లు మా సీమను మాత్రమే చూపిస్తారు. సుమోలు, బాంబులు లేని రోజుల్లోనే ప్రపంచమంతా ఈ పని చేసింది.

ఇక ఆచరణలో వచ్చే ఇబ్బందులు చూద్దాం. సగోత్రీకుల మధ్య పెళ్లి కూడదంటారు కదా. ఆర్ 1ఎ కూడా ఒక గోత్రమే అనుకుంటే పోలండ్, కిర్గిజిస్తాన్ అంతా మనకు దాయాదులు. దాయాది చనిపోతే పది రోజులు మైల. వార్సాలో రోజుకు ఒకరైనా పోకుండా ఉంటారా? అంటే మా ఇంట్లో నాలుగు వేల ఏళ్లుగా మైల వదల్లేదు. ఈ లెక్కన ఇప్పటిదాకా చేసిన ఉగాదులన్నీ దోషమే. పంచాంగకర్తలు పరిష్కారం ఆలోచించాలి.

గండికోట సంగతి కూడా తేల్చాలి కాబట్టి లెక్క వేశాను. గండికోటలో రాజులున్న కాలం దాకా పోవాలంటే ఇరవై తరాలు అనుకుందాం. తల్లిదండ్రులు ఇద్దరు, అవ్వాతాతలు నలుగురు, అలా పోతే ఇరవయ్యో తరంలో పూర్వీకుల కుర్చీలు 10,48,576. మాలో మేనరికాలు ఎక్కువ కాబట్టి ఒకే మనిషి చాలా కుర్చీల్లో కూర్చుని ఉంటాడు, అది వేరే సంగతి. ఈ పది లక్షల కుర్చీల్లో వై పంపింది ఒక్కటి. పెద్దనాయనకు కావలసింది ఆ ఒక్కడే. మిగతా 10,48,575 మందీ పెళ్లికి వచ్చి భోంచేసి పోయినవాళ్లు.

“మేం ఆరుగురం ఆడపిల్లలం” అంది పెద్దమ్మ శెనక్కాయలు ఒలుస్తూ. “మా నాయన ఆ గొట్టం నిండా ఊసినా వినేదానికి ఎవరుండారు?” ఆస్తిలో ఆడపిల్లకు 1985 నుంచే మన రాష్ట్రంలో సమాన భాగం ఉంది. వైలో మాత్రం ఇప్పటికీ ఇవ్వలేదు. తల్లి నుంచి వచ్చే వంశం గురించి రిపోర్టులో ఇంకో కాగితం ఉండింది. పెద్దనాయనకు వాళ్లమ్మ ఇచ్చిన వంశమే అది. ఆ కాగితం మీద శెనక్కాయల పొట్టు పోసి ఉంది.

ఆమె ముందు చెప్పలేక ఊరుకున్నాను గానీ, ఈ వై ఆస్తి కూడా అంత గొప్పగా లేదు. పూర్వం అది ఎక్స్ క్రోమోజోముతో సరిసమానంగా వందల జీన్లు ఉన్న ఆసామి. పోగా పోగా ఇప్పుడు ప్రొటీన్లు తయారు చేసే జీన్లు నూరుకు అటూ ఇటూ మిగిలాయి. భూములు పోయి మీసం మిగిలిన ఇల్లన్నమాట. పైగా వయసు మీరే కొద్దీ కొన్ని రక్తకణాల్లోంచి వై మొత్తంగా రాలిపోతుంది. బ్రిటన్‌లో చూస్తే డెబ్బై ఏళ్ల మగవాళ్లలో నూటికి నలభై మందికి ఇలా అయింది. పొగ తాగేవాళ్లకు ఇంకా ఎక్కువ. సైబీరియా నుంచి జమ్మలమడుగు దాకా మోసుకొచ్చిన వంశాన్ని బీడీ కట్టకు పోగొట్టుకుంటున్నావని చెబితే పెద్దనాయన బీడీ ఆర్పాడు. ఆర్పింది సగం బీడీ. దాన్ని చెవి మీద పెట్టుకున్నాడు.

అసలు దెబ్బ ఉగాది తర్వాత తగిలింది. మా చేనికి తూర్పున ఉన్న చేని ఆసామితో పెద్దనాయనకు ముప్పై ఏళ్లుగా గెనిమ (చేని గట్టు) గొడవ. మూడడుగుల గెనిమ, ఇద్దరు లాయర్లు. కులం వేరు, పార్టీ వేరు, మాటల్లేవు. ఆయన కొడుకు కూడా అమెరికాలోనే ఉన్నాడు. ఆయనా గొట్టంలో ఊశాడు. ఫలితం: ఆర్ 1ఎ. అదే జెడ్ 93. అవే మూడు ‘జి’లు.

పెద్దనాయన ఆ రాత్రి సంగటి ముద్ద సగం వదిలేశాడు. అంతా విన్న మా అన్న ఫోన్‌లో, “ఇంకేం నాయనా, మీరిద్దరూ అన్నదమ్ములే. ఇంకన్నా రాజీ పడండి” అన్నాడు. వాడు ఊరు వదిలి పదిహేనేళ్లయింది పాపం, అన్నదమ్ములంటే ఏమిటో మరిచిపోయాడు.

తెల్లారి ఏడు గంటల బస్సుకు పెద్దనాయన ప్రొద్దుటూరుకు లాయరు దగ్గరికి పోయాడు. దాయాది అని తేలింది కాబట్టి గెనిమ దావా మార్చి, మొత్తం చేని మీద భాగానికి దావా వేయొచ్చా అని అడిగాడంట. రిపోర్టు కూడా చూపించాడంట. లాయరు దాన్ని వెనక్కీ ముందుకీ తిప్పి చూసి, వేల ఏళ్లంటే కాలపరిమితి దాటిపోయిందేమో చూడాలి, ఫీజు మాత్రం ఇప్పుడే కట్టిపోండి అన్నాడంట.