ముందు వేరే పోస్టు చూపండి, ఆ తర్వాతే విరమణ మాట

గడ్చిరోలి, మల్కన్‌గిరి లాంటి జిల్లాల్లో మావోయిస్టు సమస్యను 2026 మార్చి 31 నాటికి ముగిస్తామని కేంద్రం గడువు పెట్టుకుంది. కూంబింగ్‌లో కాలో కన్నో పోగొట్టుకున్నవారి కష్టానికి గడువంటూ లేదు. ఇటు మహారాష్ట్రలోని సిరొంచ నుంచి, అటు ఒడిశాలోని జయపురం, రాయగడల నుంచి పోలీసుల్లోకో కేంద్ర బలగాల్లోకో బిడ్డను పంపిన తెలుగు కుటుంబాలు ఈ సంగతులు తెలుసుకుని ఉండాలి.

2016 వికలాంగుల హక్కుల చట్టం 20(4) సెక్షన్ ప్రకారం, ఉద్యోగంలో ఉండగా వైకల్యం వచ్చినవారిని తీసేయకూడదు, హోదా తగ్గించకూడదు. పాత పని చేయలేకపోతే అదే వేతన స్కేలుతో వేరే పోస్టు ఇవ్వాలి. అదీ కుదరకపోతే తగిన పోస్టు దొరికేదాకా, లేదా విరమణ వయసు వచ్చేదాకా సూపర్‌న్యూమరరీ పోస్టులో, అంటే మంజూరైన పోస్టులకు అదనంగా సృష్టించిన పోస్టులో ఉంచాలి. 40 శాతం వైకల్యం ఉండాలన్న షరతు ఈ సెక్షన్‌లో లేదు. అది రిజర్వేషన్ల లెక్క. ఆ మాట చెప్పి దరఖాస్తు తిప్పి పంపితే, కారణం రాసి ఇమ్మని అడగాలి.

అయితే 2021 ఆగస్టు 18 నాటి నోటిఫికేషన్ సీఆర్‌పీఎఫ్, బీఎస్‌ఎఫ్ వంటి కేంద్ర బలగాల పోరాట సిబ్బందిని ఈ రక్షణ నుంచి మినహాయించింది. రాష్ట్ర పోలీసులకు ఆ నోటిఫికేషన్ వర్తించదు. ఒకే మందుపాతరకు ఇద్దరు గాయపడితే, కానిస్టేబుల్‌కు చట్టం ఇచ్చే హక్కు జవానుకు ఉండదన్నమాట. ఇది అన్యాయం. వైర్‌లెస్ సెట్ దగ్గర, స్టోర్‌లో, కార్యాలయంలో కూర్చుని చేసే పనులు ప్రతి బెటాలియన్‌లోనూ ఉన్నాయి. కేంద్రం ఆ మినహాయింపును వెనక్కి తీసుకోవాలి.

కేంద్ర బలగాల్లో ఆరోగ్యాన్ని ‘షేప్’ కింద ఐదు అంశాల్లో కొలుస్తారు: మానసిక స్థితి, వినికిడి, కాళ్లూచేతులు, శారీరక సామర్థ్యం, కంటిచూపు. అన్నీ బాగుంటే షేప్-1. ఆరోగ్యం అంతకన్నా తగ్గితే ఈ అంకె పెరుగుతుంది, ప్రమోషన్‌కు గండి పడుతుంది. షేప్-5 అంటే ఉద్యోగానికి పనికిరారని మెడికల్ బోర్డు తేల్చినట్టే.

కేసు చెడేది మాత్రం బోర్డు దగ్గర కాదు, గాయమైన రోజు రాసిన కాగితంలో. రాత్రి గస్తీలో వాగు దాటుతూ మోకాలు విరిగినవాడి గురించి ‘జారిపడ్డాడు’ అని ఒక్క ముక్క రాసి వదిలేస్తే, ఆ గాయం విధి నిర్వహణలో తగిలిందని తర్వాత రుజువు చేయడం గగనమవుతుంది. ఏ డ్యూటీ, ఏ చోటు, ఎన్ని గంటలకు, ఎవరి ఆదేశం, పక్కన ఎవరున్నారు అన్నవన్నీ అందులో ఉండాలి. పేలుడుకు దగ్గరగా ఉండి పైకి దెబ్బ కనిపించనివారి సంగతి ఇంకా ఘోరం. నెలలు గడిచాక చెవిలో హోరు మొదలైతే వయసు ప్రభావమని కొట్టిపారేయవచ్చు. అందుకే పేలుడైన వెంటనే ఒకసారి, కొన్ని వారాలకు మరోసారి ఆడియోమెట్రీ (వినికిడి పరీక్ష) చేయించి, రెండు నివేదికలూ ఫైల్‌లో పెట్టించాలి. కుటుంబం దగ్గరా నకళ్లు ఉండాలి.

విసిగిపోయి రాజీనామా రాయడం అన్నిటికన్నా పెద్ద పొరపాటు. రాజీనామాతో గత సర్వీసు పోతుంది. స్వచ్ఛంద విరమణకు 20 ఏళ్ల సర్వీసు, మూడు నెలల నోటీసు కావాలి. మెడికల్ బోర్డు తేల్చకముందే దానికీ తొందరపడకూడదు. బోర్డు అనర్హుడని పంపిస్తే, 2019 జనవరి సవరణ తర్వాత, పదేళ్ల సర్వీసు నిండని కేంద్ర ఉద్యోగికీ ఇన్‌వాలిడ్ పెన్షన్ (ఆరోగ్య కారణాలతో పనికిరారని పంపినవారికి ఇచ్చే పెన్షన్) వస్తుంది. 2004 జనవరి 1న గానీ ఆ తర్వాత గానీ చేరి, కొత్త పెన్షన్ పథకమైన ఎన్‌పీఎస్‌లో ఉన్నవారు, వైకల్యంతో బయటికి వస్తే పాత పెన్షన్ నిబంధనలు వర్తించేలా ఫారం-1లో ఆప్షన్ ఇచ్చారో లేదో ఇప్పుడే చూసుకోవాలి.

రంగులు గుర్తించలేడని తెలంగాణ ఆర్టీసీ విరమణ ఇచ్చి పంపిన డ్రైవర్ కేసులో, ప్రత్యామ్నాయ పోస్టు కోసం నిజాయితీగా వెతకకుండా అలా పంపడం చెల్లదని 2025 ఆగస్టులో సుప్రీంకోర్టు చెప్పింది. బస్సు డ్రైవర్‌కు దక్కిన న్యాయం తుపాకీ పట్టినవాడికీ దక్కాలి. విరమణ ఉత్తర్వు ఇచ్చే ముందు ఏయే పోస్టులు పరిశీలించారో, ఒక్కొక్కటీ ఎందుకు కుదరలేదో రాతపూర్వకంగా ఇచ్చేలా ఒడిశా, మహారాష్ట్ర పోలీసు శాఖలు ఆదేశాలు జారీ చేయాలి. సిరొంచ నుంచి గడ్చిరోలికి దాదాపు 200 కిలోమీటర్లు. కాలు లేని మనిషిని ప్రతి సమీక్షకూ అంత దూరం తిప్పకుండా, వైద్యులే అహేరికి వచ్చి పరీక్షించే ఏర్పాటూ ఆ ఆదేశాల్లో ఉండాలి.