చెట్టు మీద జారితే తెగిన భుజం వయసు జబ్బెట్లా అయింది?

పొద్దున మా మామ ఇన్సూరెన్స్ క్లెయిమ్ రిజెక్ట్ అయిందని మెయిల్ వచ్చింది. చదివినప్పటి నుంచి ఒళ్లు మండిపోతోంది. భుజానికి వచ్చింది అరుగుదల సమస్యట, పాలసీ తీసుకుని రెండేళ్లు కాలేదు కాబట్టి పైసా ఇవ్వరట.

అరుగుదలట! మా మామ నల్లగొండ జిల్లా మునుగోడు దగ్గర ఊళ్లో తాటిచెట్లు గీసి కల్లు తీస్తాడు. చెట్టు దిగుతుంటే కాలు పట్టు తప్పింది. కింద పడకుండా కుడి చేత్తో మోకు పట్టుకుని వేలాడాడు. ఒంటి బరువంతా ఆ ఒక్క భుజం మీద పడింది. ఆ రోజు నుంచి చెయ్యి పైకి లేవలేదు, అన్నం కూడా అత్తే కలిపి పెట్టింది. భుజం కీలును చుట్టూ పట్టి ఉంచే నాలుగు కండరాల కొసల్ని రోటేటర్ కఫ్ అంటారు. అందులో ఒకటి పూర్తిగా తెగిపోయిందని ఎంఆర్ఐలో తేలింది. ఆపరేషన్ చేయించాం. ఆరోగ్యశ్రీలో చేయించొచ్చు కదా అని అడిగేవాళ్లకు ముందే చెప్తున్నా, ఆ ఆసుపత్రికి ఆరోగ్యశ్రీ లేదు.

నేను చేసేది మెడికల్ కోడింగ్, అంటే పేషెంట్ల జబ్బులకు కోడ్లు వేసే ఉద్యోగం. అందుకే నాకు ఇంత కోపం. డిశ్చార్జి కాగితం తెరవగానే కనిపించింది, ఎం75.1 అని. ఐసీడీ-10 అంటే ప్రపంచ ఆరోగ్య సంస్థ తయారుచేసిన జబ్బుల కోడ్ల జాబితా. అందులో ఎం అక్షరంతో మొదలయ్యేవి కండరాలు, ఎముకల జబ్బులు. దెబ్బ తగిలి అయిన గాయాలకు ఎస్ అక్షరం. రోటేటర్ కఫ్ దానంతటదే చిరిగితే ఎం75.1, దెబ్బ వల్ల తెగితే ఎస్46.0. కారణం రాయడానికి వేరే కోడ్లు కూడా ఉన్నాయి, చెట్టు మీద నుంచి పడితే డబ్ల్యూ14 లాంటివి. ఆ కోడ్లు రాసి ఉంటే మామది ప్రమాదం. ఎం రాశారు కాబట్టి మామది వయసు. ప్రమాదానికి వెయిటింగ్ పీరియడ్, అంటే పాలసీ తీసుకున్నాక ఆగాల్సిన గడువు, ఉండదు, అరుగుదలకు ఉంటుంది. ఒక్క అక్షరం దగ్గర మా అత్త పుస్తెలతాడు తాకట్టుకు పోయింది.

ఆసుపత్రి ఇన్సూరెన్స్ డెస్క్‌లో అడిగితే అక్కడి అబ్బాయి, "ఏ కోడ్ వేసినా ఒకటే సార్, టీపీఏ వాళ్లే చూసుకుంటారు" అన్నాడు. టీపీఏ అంటే ఇన్సూరెన్స్ కంపెనీ తరఫున క్లెయిమ్‌లు చూసే సంస్థ. చూసుకున్నారు కదా, చూస్తూనే ఉన్నాం! క్లెయిమ్ ఫారంలో ఆసుపత్రి నింపే భాగంలో 'గాయం వల్ల చేరారా' అని ఒక గడి ఉంటుంది. అక్కడ 'కాదు' అని టిక్కు పెట్టారు. 'అవును' అని పెట్టినా, దాని కింద కారణాలు ఏమున్నాయో చూడండి. తనకు తాను చేసుకున్నదా, రోడ్డు ప్రమాదమా, మత్తు వల్లనా. అంతే. తాటిచెట్టుకు అందులో చోటే లేదు. చెట్టు దిగేటప్పుడు, మడికట్టులో దుక్కి దున్నేటప్పుడు, బావిలో పూడిక తీసేటప్పుడు మనవాళ్ల చేతులు విరుగుతాయని ఆ ఫారం రాసినవాళ్లకు ఒక్కసారైనా తట్టలేదా?

ఇక నా ఆఫీసు సంగతి వినండి. నల్లగొండ, పాలమూరు పిల్లలు బీఫార్మసీ, బీఎస్సీ చదివి, అమీర్‌పేటలో కోచింగ్ తీసుకుని, అమెరికా పేషెంట్ల భుజాలకు కోడ్లు వేస్తున్నాం. వాళ్ల ఐసీడీ-10లో భుజం జారిందని రాస్తే చాలదు. ముందుకు జారిందా వెనక్కా, కుడా ఎడమా, ఇంకా చికిత్స నడుస్తోందా, మానే దశలో ఉందా, అన్నీ కోడ్‌లోనే ఉండాలి. ఎస్43.014ఏ అంటే కుడి భుజం ముందుకు జారింది, చికిత్స నడుస్తోంది. కుడికి బదులు ఎడమ అని వేస్తే ఆడిట్‌లో ఎర్రర్ పడుతుంది, ఇన్సెంటివ్ పోతుంది, టీమ్ లీడర్ పిలిచి తిడతాడు. ముక్కూ మొహం తెలియని మనిషి భుజానికి అంత జాగ్రత్త పడతాం. మా మామ భుజానికి మాత్రం ఎవడో కంప్యూటర్‌లో మొదట కనిపించింది నొక్కేసి టీ తాగడానికి పోయాడు.

ఊరుకునేది లేదు. డాక్టరు గారి చేత ఎట్లా జరిగింది, ఎప్పుడు జరిగింది, ఏ చెయ్యి అన్నీ రాయించి, సవరించిన కాగితంతో మళ్లీ పంపుతాం. కంపెనీ 30 రోజుల్లో తేల్చకపోయినా, మళ్లీ కాదన్నా హైదరాబాద్‌లో ఇన్సూరెన్స్ ఫిర్యాదులు విని తేల్చే అంబుడ్స్‌మన్ ఉన్నాడు. ఫీజు లేదు, వకీలు అక్కర్లేదు. మీ ఇళ్లలో ఎవరికైనా ఇట్లాగే జరిగితే డబ్బులు పోయాయని వదిలేయకండి.

అన్నిటికన్నా నన్ను పొడిచింది ఆ మెయిల్‌లో చివరి వాక్యం. 'ఎక్స్‌రేలో ఎముకల్లో పాత మార్పులు కనిపిస్తున్నాయి' అట. కనిపించవా మరి! పుట్టినప్పటి నుంచి తాగింది ఫ్లోరైడ్ బోరు నీళ్లు. ఆ నీళ్లు ఏళ్ల తరబడి తాగితే ఎముకలు గట్టిపడతాయి, కీళ్లు బిగుసుకుపోతాయి. ఇది కొత్తగా తెలిసిన విషయమా? 2003లో మర్రిగూడ మండలం శివన్నగూడెం నుంచి ఫ్లోరైడ్‌తో ఒళ్లు వంకరపోయిన అంశల స్వామిని ఢిల్లీ తీసుకెళ్లి అప్పటి ప్రధాని వాజ్‌పేయి గారి టేబుల్ మీద పడుకోబెట్టి చూపించారు. కృష్ణ మీద కట్టిన నాగార్జునసాగర్ డ్యామ్ మా జిల్లాలోనే ఉంది, 1955లో నెహ్రూ శంకుస్థాపన చేశారు. ఆ కృష్ణ నీళ్లు మా గ్లాసులోకి రావడానికి ఇంటింటికీ నల్లా నీళ్లిచ్చే మిషన్ భగీరథ పథకం దాకా ఆగాల్సి వచ్చింది. అప్పటికే మా మామ తరం మెడలు తిరగడం మానేశాయి. ఇప్పుడు ఆ ఎముకల్నే చూపించి, నీ గాయం పాతది అంటున్నారు. చెడ్డ నీళ్లు తాగించిందీ వ్యవస్థే, తాగినందుకు డబ్బులు కోసేదీ వ్యవస్థే.

ఫ్లోరైడ్ వల్ల వచ్చే ఈ ఎముకల జబ్బును ఫ్లోరోసిస్ అంటారు. దానికి కూడా ఐసీడీ-10లో కోడ్ ఉంది, ఎం85.1. మా ఇంట్లో ట్రంకుపెట్టె నిండా తాత చీటీలు, నానమ్మ చీటీలు, మామ చీటీలు ఉన్నాయి. పొద్దున అన్నీ బయటికి తీసి కింద పరిచి చూశాను. ఒళ్లు నొప్పులు అని ఉంది, కీళ్లవాతం అని ఉంది, వయసు అని ఉంది. ఫ్లోరోసిస్ అన్న మాట ఒక్క చీటీ మీదా లేదు. క్లెయిమ్ ఎగ్గొట్టడానికి ఇవాళ పనికొచ్చిన ఆ 'పాత మార్పులు', వైద్యం చేయాల్సిన రోజున ఏ డాక్టరు కంటికీ ఎందుకు కనపడలేదు? ఇది చదివేవాళ్లలో ఎముకల డాక్టర్లు ఉంటే, మీరే జవాబు చెప్పండి.