‘సత్వరం’ అంటే ఎన్నాళ్లు?

ఏడాది గడిచినా ఛార్జిషీటు పడని కేసులో ఫిర్యాదుదారు చివరికి అప్పోసప్పో చేసి హైకోర్టు గడప తొక్కుతాడు. దర్యాప్తును చట్టప్రకారం సత్వరం పూర్తి చేయాలని న్యాయస్థానం ఆదేశిస్తుంది. ఆ కాగితం పట్టుకుని స్టేషనుకు వెళితే ఎస్సై గారు బందోబస్తుకు వెళ్లారంటారు. మళ్లీ వెళితే ఫోరెన్సిక్ నివేదిక రాలేదంటారు. ఈలోగా ఎస్సైకి బదిలీ అవుతుంది. కొత్తగా వచ్చినాయన కేసు డైరీని మొదటి పుట నుంచి తిరగేయాలి. ఇది కోర్టు ధిక్కరణ కాదా అంటే, గడువే లేని ఆదేశాన్ని మీరారని రుజువు చేయడం ఎవరి తరం?

1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం ప్రకారం, ఆదేశాన్ని ఉద్దేశపూర్వకంగా ఉల్లంఘిస్తేనే అది సివిల్ ధిక్కరణ. పనిభారం, సిబ్బంది కొరత అనే రెండు మాటలు అఫిడవిట్‌లో ఉంటే ఉద్దేశం ఆవిరైపోతుంది. రుజువైనా శిక్ష గరిష్ఠంగా ఆరు నెలల సాధారణ జైలు, రెండు వేల రూపాయల జరిమానా. పైగా 20వ సెక్షన్ ప్రకారం, ధిక్కరణ జరిగిన ఏడాది తరువాత చర్యలు మొదలుపెట్టడానికి వీల్లేదు. దర్యాప్తుకు లేని గడువు, ఓపిగ్గా ఎదురుచూసిన బాధితుడికి మాత్రం ఉంది!

మాటల ధిక్కరణ విషయంలో న్యాయస్థానాలకు ఇంత తాత్సారం ఉండదు. 2020 జూన్ చివర్లో పెట్టిన రెండు ట్వీట్లకు న్యాయవాది ప్రశాంత్ భూషణ్‌ను సుప్రీంకోర్టు ఆగస్టు 14నే దోషిగా తేల్చింది, నెలాఖరున రూపాయి జరిమానా వేసింది. అదే సుప్రీంకోర్టు 2006 సెప్టెంబరు 22న పోలీసు సంస్కరణలకు సంబంధించిన ప్రకాశ్ సింగ్ కేసులో ఏడు ఆదేశాలిచ్చింది. దర్యాప్తు పోలీసులను శాంతిభద్రతల విభాగం నుంచి వేరు చేయాలని, పది లక్షలు, ఆపైన జనాభా ఉన్న పట్టణాలతో మొదలుపెట్టాలని వాటిలో ఒకటి. అది మనసుపెట్టి అమలు చేసి ఉంటే ఎస్సై నిమజ్జనం బందోబస్తుకు వెళ్లినా కేసు కదిలేది. ధిక్కరణ పిటిషన్లు పడ్డాయి, వాయిదాలు పడ్డాయి, కంటితుడుపు చట్టాలతో రాష్ట్రాలు నెట్టుకొచ్చాయి.

తలచుకుంటే న్యాయస్థానం గట్టిగా పట్టుకోగలదు. పాఠశాలల ఆవరణల్లో గ్రామ సచివాలయాలు వద్దన్న ఆదేశం అమలు కాలేదని 2022 మార్చి 31న ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఎనిమిది మంది ఐఏఎస్ అధికారులకు రెండు వారాల జైలుశిక్ష విధించింది. వారు బేషరతు క్షమాపణ చెప్పాక దాన్ని సంక్షేమ హాస్టళ్లలో నెలకో రోజు సేవగా మార్చింది. శిక్ష సంగతి ఎలా ఉన్నా, ఫలానా పనికి ఫలానా అధికారి బాధ్యుడని పేరు పెట్టి నిలబెట్టింది. దర్యాప్తు కేసుల్లో కొరవడింది సరిగ్గా అదే. అవసరం లేని అరెస్టులు చేస్తే పోలీసులు ధిక్కరణ చర్యలు ఎదుర్కోవాలని 2014లో అర్నేష్ కుమార్ తీర్పులో సుప్రీంకోర్టు హెచ్చరించింది. తొందరపాటుకు ఉన్న ఆ భయం తాత్సారానికి లేదు.

దర్యాప్తు ఎలా చేయాలో కోర్టు చెప్పకూడదు, నిజమే. ఎప్పటికి పూర్తవుతుందని అడగడానికి అడ్డేమిటి? సీఆర్‌పీసీ స్థానంలో 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలోని 193వ సెక్షన్, దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో తొంభై రోజుల్లోగా ఫిర్యాదుదారుకు లేదా బాధితులకు తెలపాలంటోంది. ఫోనులో ఒక సందేశం పంపినా చాలు. ఆ సందేశం వెళ్లిందా లేదా అన్నది హైకోర్టులు ప్రతి రిట్ పిటిషన్‌లో మొదటి ప్రశ్నగా అడగాలి. ఆదేశంలో ‘సత్వరం’ బదులు తేదీ వేయాలి, దర్యాప్తు అధికారి హోదా రాయాలి. ఆయన బదిలీ అయితే, ఫైలు ఏ రోజున ఎవరికి అప్పగించారో వారంలోగా హైకోర్టు కార్యాలయానికి (రిజిస్ట్రీకి) తెలియజేయాలనీ అందులోనే చెప్పాలి.