పక్క సీటు మనిషి పేరు తెలియదు
విజయనగరం నుంచి విశాఖకు రైల్లో 61 కిలోమీటర్లు. రోజూ వెళ్లేవాళ్లలో ఎవరు ఏ పెట్టె ఎక్కుతారో, ఎవరు రుమాలు వేసి ఎవరికి సీటు ఆపుతారో మిగతావాళ్లకు తెలుసు. ముగ్గురి సీటులో నాలుగో మనిషి "కాస్త జరగండి" అంటే జరుగుతారు. మాట అక్కడితో సరి. ఏళ్లు గడిచినా పేర్లు తెలియవు.

ఇలాంటివాళ్ల మీద అమెరికా మనస్తత్వవేత్త స్టాన్లీ మిల్‌గ్రామ్ 1970ల మొదట్లోనే దృష్టి పెట్టారు. స్టేషన్లో రైలు కోసం నిలబడ్డవాళ్ల ఫొటోలు తీసి, ఆ ప్రయాణికులకే చూపించారు. ముఖం గుర్తుపట్టినా ఎన్నడూ పలకరించనివాళ్లు చాలామందికి కనిపించారు. మౌనం ఎంత పాతబడితే దాన్ని వదలడం అంత కష్టమన్నది ఆయన గమనింపు. బండి సిగ్నల్ దగ్గర అరగంట ఆగిపోతే మాత్రం పెట్టె మొత్తం మాట్లాడుతుంది. కారణం సులువు: అప్పుడు మాట కలపడానికి సాకు వెతుక్కోనక్కర్లేదు.

శ్రీకాకుళం వాళ్ల పరిస్థితి ఇంకా కష్టం. స్టేషన్ ఉన్నది ఆమదాలవలసలో. సీజన్ టికెట్ 150 కిలోమీటర్ల దాకా ఇస్తారు కాబట్టి విశాఖకు పాస్ దొరుకుతుంది, కానీ ఆ దూరం రోజూ తిరగడం అందరి వల్లా కాదు. విశాఖలో గది తీసుకుని వారానికోసారి ఇంటికి వచ్చేవాళ్లకు తెలిసిన ముఖాలు కూడా మిగలవు.

మౌనం తప్పేమీ కాదు. పని చేసి అలసినవాళ్లకు అది విశ్రాంతి, ఆడవాళ్లకు చాలాసార్లు రక్షణ. "ఎక్కడ దిగుతారు, ఎక్కడ పని" అని ఆరా తీయడం పలకరింపు కానే కాదు. బండి గురించి అడగండి, మనిషి గురించి వద్దు.

అయితే ఎవరికీ తెలియకుండా ప్రయాణించడంలో ప్రమాదం ఉంది. 2023 అక్టోబర్ 29 రాత్రి విజయనగరం జిల్లాలో కంటకాపల్లి, అలమండ స్టేషన్ల మధ్య పలాస ప్యాసింజర్‌ను వెనక నుంచి రాయగడ ప్యాసింజర్ ఢీకొంది. జనరల్ టికెట్ మీద పేరుండదు, ఆ పెట్టెలకు చార్టూ ఉండదు. అలాంటి వేళ మనిషి ఎవరో చెప్పాల్సింది జేబులోని వస్తువులు, లేదా పక్కనున్నవాళ్లు. అందుకే రోజూ కలిసే ఒక్కరితోనైనా నంబర్ మార్చుకోవాలి. రెండు రోజులు కనబడకపోతే "ఏటండీ, రాలేదు?" అని అడిగే మనిషి ఉండాలి. ఫోన్ సెట్టింగుల్లో అత్యవసర సమాచారం నింపితే, లాక్ తీయకుండానే ఇంటి నంబర్ కనబడుతుంది. ఫోన్ పగలొచ్చు, చార్జింగ్ అయిపోవచ్చు. కాబట్టి పాస్ కవర్లో ఓ చీటీ కూడా పెట్టుకోండి: మీ పేరు, బ్లడ్ గ్రూపు, ఇంట్లో ఇద్దరి నంబర్లు, వాళ్లు మీకు ఏమవుతారో, ఏ ఊరో.