యుద్ధపుటేనుగు గారి సర్వీసు రిజిస్టరు తిరగేశాక

మహారాజశ్రీ యుద్ధపుటేనుగు గారి సముఖానికి,

ఉభయకుశలోపరి. చిన్నప్పుడు బళ్లో ‘హానిబాల్ ఏనుగులతో ఆల్ప్స్ పర్వతాలను దాటెను’ అని రాసి ఒక మార్కు తెచ్చుకున్నవాణ్ణి. ఆ మార్కు తమరి చలవే. ఆ విశ్వాసం కొద్దీ ఇన్నేళ్లకు తమరి సర్వీసు రిజిస్టరు తిరగేశాను. తిరగేయకపోయినా బాగుండేదేమో.

ముందు హానిబాల్ సంగతే చూద్దాం, ఉత్తర ఆఫ్రికాలోని కార్తేజ్ నుంచి రోమ్ మీదికి దండెత్తిన సేనాని. క్రీ.పూ. 218లో (ఈ ఉత్తరంలో సంవత్సరాలన్నీ క్రీ.పూ. లెక్కే) తమరు 37 మంది ఆయన వెంట బయల్దేరారు. రోన్ నది దగ్గర తమరు నీళ్లంటే మొరాయిస్తే, తెప్పల మీద మట్టి పరిచి, ఇది నేలేనని నమ్మించి, ముందు ఆడ ఏనుగుల్ని నడిపించి బతిమాలి ఎక్కించారు. అంత మర్యాద కొత్త అల్లుడికి కూడా జరగదు. తీరా ఇటలీలో దిగాక, ట్రెబియా యుద్ధం అయ్యాక, చలికి ఒక్కొక్కరే రాలిపోయి చివరికి మిగిలింది ఒక్కరు. ఆ ఒక్కరి వీపు మీద ఎక్కి ఆర్నో బురద దాటుతుండగానే కళ్లకలక ముదిరి హానిబాల్‌కు ఒక కన్ను పోయింది.

అసలు సంగతి ఆ తర్వాతిది. 216లో ఇటలీలోని కన్నే అనే ఊరి దగ్గర హానిబాల్ తన జీవితంలోకెల్లా పెద్ద గెలుపు గెలిచాడు. రోమన్ చరిత్రకారుడు లివీ లెక్క ప్రకారం ఒక్క రోజులో 48 వేల పైచిలుకు రోమన్ సైనికులు నేలకూలారు. ఆ రోజు మస్టర్లో తమరి తరఫున హాజరు సున్నా. మళ్లీ 202లో, జామా దగ్గర, తమరు 80 మంది ముందు వరుసలో నిలబడ్డారు. రోమన్ సేనాని స్కిపియో తన పటాలాల మధ్య సందులు వదిలి, బూరలు ఊదించాడు. అంతే. కొందరు ఆ సందుల్లోంచి ఊరేగింపుకు వెళ్లినట్టు అటు నుంచి అటే వెళ్లిపోయారు. మిగతావారు వెనక్కి తిరిగి హానిబాల్ గుర్రపు దళం మీదే పడ్డారు. తమరు లేనిచోట గెలుపు, ఉన్నచోట ఓటమి. ఇది నా కల్పన కాదు, రిజిస్టరులో ఉన్నదే.

తమరు ఎక్కడా గెలిపించలేదని అనను, కళ్లు పోతాయి. 280లో హెరాక్లియా దగ్గర, రోమ్ మీదికి వచ్చిన గ్రీకు రాజు పిర్రస్ వెంట 20 మంది దిగితే, అంతకుముందు తమర్ని ఎరగని రోమన్ గుర్రాలు బెదిరి పారిపోయాయి. కానీ ఐదేళ్లు తిరిగేసరికి బెనెవెంటం యుద్ధంలో వెనక్కి మళ్లి, అన్నం పెట్టిన సేననే తొక్కేశారు. అల్లుడి మర్యాద మొదటి పండక్కేనని రోమన్లకు కూడా తెలిసిపోయింది.

గ్రీసులో మెగారా నగరం ముట్టడి మాట ఎత్తితే తమరికి చిన్నతనం. ఊరివాళ్లు పందులకు తారు పూసి, నిప్పంటించి తోలితే తమరు తోక ముడిచారట. అది చూసిన, ముట్టడించిన మాసిడోనియా రాజు ఆంటిగోనస్, ఇకమీదట గజశాలల్లో తమరితో పాటు పందుల్ని కూడా పెంచమని ఆజ్ఞ ఇచ్చాడట, అలవాటు పడాలని. ఐరావతం వంశానికి పందులతో కాపురం!

ఒక్కచోట మాత్రం నాకు నవ్వు రాలేదు. 207లో మెటారస్ నది దగ్గర జరిగిన యుద్ధానికి హానిబాల్ తమ్ముడు హస్డ్రుబాల్ మావటీల చేతికి తలా ఒక ఉలి, ఒక సుత్తి ఇచ్చి పంపాడు. తమరు అదుపు తప్పితే మెడ కీలు మీద ఉలి పెట్టి ఒక్క దెబ్బ. ఆ రోజు శత్రువుల చేతిలో కంటే సొంత మావటీల చేతిలో పోయినవారే ఎక్కువని లివీ రాశాడు. అడవిలో ఆకులు మేసేవారిని పట్టుకొచ్చి, కొలువిచ్చి, ఆ మెడ మీదే ఉలితో మనిషిని కూర్చోబెట్టారన్నమాట.

అయినా రాజులు తమర్ని వదల్లేదు. వాళ్లకు గెలుపు ఎంత ముఖ్యమో, ఎత్తున కనబడటమూ అంతే ముఖ్యం.

రిజిస్టరులో నాకు దొరికిన విచిత్రం ఇంకొకటి ఉంది. తమరు బాగా పనిచేసింది ఏ పనీ చేయనప్పుడే! 326లో ఝీలం ఒడ్డున పోరస్ తరఫున ప్రాణాలొడ్డి పోరాడిన తమరివారు, గాయాలతో బెదిరి, అయినవాళ్లనీ కానివాళ్లనీ కలిపి తొక్కారు. పోరస్ ఓడిపోయాడు. మరి మగధలో నందుల గజశాలల్లో చెరకు నములుతూ కూర్చున్నవారో? వాళ్లు వేలల్లో ఉన్నారన్న కబురు బియాస్ నది దాకా వచ్చింది. అసలే ఎనిమిదేళ్లుగా నడిచి నడిచి, వానల్లో నాని విసిగిపోయిన అలెగ్జాండర్ సైనికులు ఇక అడుగు ముందుకు వేయమన్నారు. అంతటివాడూ వెనుదిరిగాడు.

తర్వాత అలెగ్జాండర్ సేనానుల్లో ఒకడైన సెల్యూకస్ సింధు వైపు తన రాజ్యభాగాలు చంద్రగుప్త మౌర్యుడికి వదిలేసి, 500 మంది తమరివారిని తీసుకున్నాడు. అంత భూమి ఇచ్చి ఇంత మేత ఖర్చు నెత్తికెత్తుకుంటారా అని నవ్వబోయాను గానీ, 301లో అలెగ్జాండర్ వారసుల మధ్య జరిగిన ఇప్సస్ యుద్ధం నా నోరు మూయించింది. సెల్యూకస్‌కు అవతలి పక్షంలో ఎనభై దాటిన ఆంటిగోనస్, ఇందాకటి పందుల రాజుకు తాత. ఆయన కొడుకు డెమెట్రియస్ గుర్రాలతో శత్రువుల్ని దూరంగా తరుముకుంటూ పోయాడు. తిరిగొచ్చేసరికి దారికి అడ్డంగా తమరు. ఊరికే నిలబడ్డారు. గుర్రాలు దాటలేకపోయాయి. కొడుకు వస్తాడు, వస్తాడు అంటూనే ముసలాయన ఈటెల దెబ్బలకు పడిపోయాడు.

మన కురుక్షేత్రంలోనూ అంతే కదా. అశ్వత్థామ అనే ఏనుగు బతికుండగా ఏం సాధించిందో ఎవరికీ గుర్తులేదు. చచ్చాక దాని పేరు ధర్మరాజు నోట్లోంచి వస్తే ద్రోణుడంతటివాడు విల్లు కింద పెట్టాడు. ఏనుగు చచ్చినా వెయ్యే అన్నది ఇందుకే కాబోలు.

జామా తర్వాత రోమన్లు కార్తేజ్‌తో సంధి రాయించుకుంటూ, ఉన్న ఏనుగులన్నీ అప్పగించాలి, కొత్తవాటిని మచ్చిక చేయకూడదు అని షరతు పెట్టారు. ఓడిన సేన మీద కూడా అంత భయమా అని నాకు ఆశ్చర్యం. వద్దనకుండా ఇంకో వంద పెంచుకోమంటే పోయేది.

మా ఇంట్లో చదరంగం బల్ల మీద తమరు మూలన ఉంటారు. మా మనవడు ఆట మొదలవగానే తమర్ని బయటికి లాగాలని చూస్తాడు, ముందు బంటు అడ్డం. అది జరిగేదాకా కదలకండి, దయచేసి.

ఇట్లు,
ఒక్క మార్కు బాకీదారు