పంది కూర: కుక్కర్‌లోనా, గిన్నెలోనా?

ఈ అక్కాతమ్ముళ్లు బెంగళూరులో ఉంటారు. కర్ణాటకలోని కొడగు (కూర్గ్)వాళ్ల పంది కర్రీ అంటే ఇద్దరికీ ప్రాణం. ఎలా వండాలన్న దగ్గరే పేచీ. అక్క ఆస్పత్రిలో నర్సు, ఆమెది కుక్కర్ పక్షం. తమ్ముడిది మందపాటి గిన్నె, సన్నసెగ పక్షం. నాదీ తమ్ముడి పక్షమే కాబట్టి అతనికి మాటలు ఎక్కువ దక్కాయనిపిస్తే, నిజమే, దక్కాయి.

అక్క: కిలో మాంసం కోసం రెండు గంటలు స్టవ్ దగ్గర కాపలా ఏంట్రా? కుక్కర్‌లో పెట్టి నాలుగైదు విజిల్స్ రానిస్తే ముక్క మెత్తబడుతుంది. పని అయిపోతుంది.

తమ్ముడు: మెత్తబడుతుంది, కాదనను. కానీ కొడగులో ఈ కూర ఎలా మొదలవుతుందో చూడు. తోలు, కొవ్వు ఉన్న ముక్కల్నే తీసుకుంటారు. పసుపు, ఉప్పు, కారం పట్టించి, ఉల్లిపాయ, అల్లం, వెల్లుల్లి, పచ్చిమిర్చితో పొయ్యి మీద పెడతారు. చుక్క నూనె పోయక్కర్లేదు. ముందు మాంసంలోని నీరు ఊరుతుంది, ఆ నీటిలోనే ముక్క ఉడుకుతుంది. నీరు ఇగిరేకొద్దీ కొవ్వు కరిగి పైకి తేలుతుంది. చివర్లో ముక్క తన కొవ్వులోనే వేగుతుంది. ఉడకడం, వేగడం రెండూ ఒకే గిన్నెలో ఒకదాని తర్వాత ఒకటి జరుగుతాయి. మూత బిగించిన కుక్కర్‌లో నీరు బయటికి పోయే దారేది? ఇక వేగేదెప్పుడు?

అక్క: కొడగు కథ నాకూ తెలుసు. వాళ్ల తాతల కాలంలో అది అడవిపంది మాంసం. అడవంతా తిరిగిన జంతువు, కండ గట్టిగా ఉంటుంది, గంటలకొద్దీ ఉడకాల్సిందే. 1972లో వన్యప్రాణి చట్టం వచ్చాక ఆ వేటకు అడ్డుకట్ట పడింది. ఇప్పుడు నువ్వు తెచ్చేది ఫారంలో మేపిన, నెలల వయసున్న లేత పంది. గట్టి మాంసం కోసం పుట్టిన పద్ధతిని లేత మాంసానికి పట్టుకు వేలాడుతున్నావు.

తమ్ముడు: ...అది ఒప్పుకుంటా. కండ కోసమైతే రెండు గంటలు అక్కర్లేదు.

అక్క: ఇంకోటి కూడా విను. బెంగళూరు సముద్రమట్టానికి 900 మీటర్ల పైన ఉంది. ఇక్కడ నీళ్లు 97 డిగ్రీల దగ్గరే మరుగుతాయి. కుక్కర్‌లో 120 దాకా వెళ్తుంది. తోలుని గట్టిగా పట్టి ఉంచే కొలాజెన్ అనే ప్రొటీన్ కరిగి జిగురుగా మారాలంటే వేడి, సమయం రెండూ కావాలి. వేడి పెరిగితే సమయం తగ్గుతుంది. నీ గిన్నె రెండు గంటల్లో చేసే పని నా కుక్కర్ అరగంటలో చేస్తుంది.

తమ్ముడు: తోలు వరకూ నిజం. కానీ ముక్కంతా తోలు కాదు కదా. తోలుకి 120 డిగ్రీలు బాగుంటే, దాన్ని అంటుకుని ఉన్న కండకి బాగుండదు. కండలోని తేమ పిండేసినట్టు బయటికొచ్చి, నోట్లో పెట్టుకుంటే పీచుపీచుగా తగులుతుంది. మెత్తగా ఉంటుంది, కానీ ఎండిపోయినట్టు ఉంటుంది. నువ్వు చేసినప్పుడు నేను ముందు కొవ్వు ముక్కలే ఏరుకునేది అందుకే. పైగా కుక్కర్‌లో దిగిన నీరంతా అందులోనే ఉండి పులుసు పల్చబడుతుంది. ఆ తర్వాత మసాలా. మిరియాలు, ధనియాలు, జీలకర్ర, ఆవాలు, కాసిన్ని మెంతులు దోరగా కాదు, బాగా నల్లబడేదాకా, మాడకుండా వేయించి పొడి కొడతారు. ఆ పొడి దగ్గరపడ్డ కొవ్వులో కలిస్తేనే వాసన పట్టుకుంటుంది. పల్చటి నీళ్లలో కలిస్తే పొడి పొడిగానే, నీళ్లు నీళ్లుగానే ఉంటాయి. సన్నసెగ అవసరం ముక్కకన్నా పులుసుకే ఎక్కువ అంటాను నేను.

అక్క: విజిల్స్ అయ్యాక మూత తీసి పెద్ద సెగ మీద ఇగరబెట్టుకోవచ్చుగా?

తమ్ముడు: అప్పటికే మెత్తబడ్డ ముక్క గరిటె తగిలి చితికిపోతుంది. అసలు నువ్వు కుక్కర్ వదలకపోవడానికి కారణం అమ్మ. పంది మాంసం తింటే మెదడులో పురుగు చేరుతుందని చిన్నప్పట్నుంచీ భయపెట్టింది.

అక్క: ఏది పడితే అది అమ్మ మీదికి తొయ్యకు. పైగా నువ్వూ తప్పే చెప్తున్నావు. సరిగ్గా ఉడకని పంది మాంసం తింటే బద్దెపురుగు పెరిగేది పేగుల్లో. మెదడులోకి చేరేవి దాని గుడ్ల నుంచి వచ్చే పిల్లపురుగులు. ఆ గుడ్లు ఆ పురుగున్న మనిషి మలం నుంచి నీళ్లలోకి, కూరగాయల మీదికి వస్తాయి. జన్మలో మాంసం ముట్టని శాకాహారులకీ ఫిట్స్ వచ్చి, స్కాన్‌లో అదే తేలుతుంది. మాంసంలో ఉన్న సిస్టులంటావా, అంటే పిల్లపురుగులుండే తిత్తులు, ముక్క మధ్యలో 70 డిగ్రీలు దాటితే చస్తాయి. నీ గిన్నెలోనూ చస్తాయి. నాకు ఆ భయమే లేదు.

తమ్ముడు: మరి నిన్న నేను కొత్తిమీర కడగకుండా చల్లానని అంత గొడవ చేశావే?

అక్క: అందుకే చేశాను! పైగా పచ్చి మాంసం కోసిన పలక మీదే కొత్తిమీర తరిగావు. మాంసమైతే ఉడుకుతుంది, ఆ కొత్తిమీర ఉడికిందా? గిన్నె గురించి గంటసేపు చెప్తావు, పలక కడగవు.

(ఈ దెబ్బకు తమ్ముడి దగ్గర జవాబు లేదు. నా దగ్గరా లేదు.)

తమ్ముడు: సరే, పలక విషయం వదిలేద్దాం. పులుపు మాటేంటి? పోయినసారి నువ్వు చింతపండు పిసికి పోశావు.

అక్క: కాచంపుళి సీసా అయిపోయింది. పులుపు పులుపే కదా.

తమ్ముడు: కాదక్కా. గార్సీనియా అనే చెట్టుకి కాసే పుల్లటి కాయలు పండాక, వాటి రసాన్ని నల్లగా, చిక్కగా అయ్యేదాకా కాస్తే వచ్చేది కాచంపుళి. కేరళవాళ్లు చేపల పులుసులో వేసే కుడంపుళి కూడా ఆ చెట్టుదే, వాళ్లు కాయ తొక్కని ఎండబెట్టి పొగబెడతారు. కిలో మాంసానికి కాచంపుళి రెండు స్పూన్లు చాలు, అదీ దించే ముందు. కూరకి ఆ నలుపు, నాలుక చివర పట్టే ఆ పులుపు అక్కడివే. చింతపండు పోస్తే రుచిగానే ఉంటుంది, కానీ మన పులుసు అవుతుంది. కొడగువాళ్ల కైల్‌పోదు పండక్కి కడంబుట్టు ఉండల పక్కన పెట్టేది అది కాదు.

అక్క: ఉప్మారవ్వ ఉండలు ఆవిరికి ఉడికించి కడంబుట్టు అని నువ్వు పెట్టలేదా? అది బియ్యపు రవ్వతో చెయ్యాలి. అప్పుడు కొడగు గుర్తురాలేదా?

తమ్ముడు: బియ్యపు రవ్వ దొరకలేదు...

అక్క: నాకు కాచంపుళి దొరకలేదు. చూడు, రుచిలో నీదే పైచెయ్యి అనుకో. మధ్యాహ్నం రెండింటికి డ్యూటీ ఎక్కేదాన్ని, ఒంటిగంటకి అన్నం తినాలి. ఆ రోజు నీ గిన్నె నాకెందుకు పనికొస్తుంది?

తమ్ముడు: ఆ రోజు కోడి వండుకో. పంది కూర నేను శనివారం రాత్రి వండి పెడతా. మర్నాటికి పులుసు ఇంకా బాగా పడుతుంది, నువ్వు వేడి చేసుకుని తినడమే.

అక్క: వండు. కానీ ఈసారి కొవ్వు తక్కువున్న ముక్కలు తీసుకురా.

తమ్ముడు: కొవ్వు తగ్గిస్తే నూనె పోయాలి. నూనె పోసి వండేదానికి నీ కుక్కరే చాలు, నన్ను పిలవకు.