మంత్రాలకు బాబాయా, పంతులుగారా?

పెళ్లిపీటల ముందు కూర్చుని మంత్రాలు చదవాల్సింది చుట్టమా, వృత్తి పురోహితుడా అన్న విషయంలో రెండు తెలుగు రాష్ట్ర ప్రభుత్వాలూ ఇంతవరకు ఒక విధానమంటూ ప్రకటించకపోవడం విచారకరం. ఉలవచారు పెట్టాలా వద్దా, సంగీత్‌లో పెదనాన్న స్టెప్పులు వేయాలా వద్దా అని ఇంటింటా కమిటీలు పడుతున్నాయి. ఈ ఒక్క విషయం మాత్రం శుభలేఖలు అచ్చయిపోయాక, "బయటివాళ్లెందుకు, మన బాబాయి ఉన్నాడుగా!" అని ఎవరో ఒక అత్తయ్య అనేదాకా ఎవరికీ తట్టదు. ఆవిడ అన్నాక ఇంకేదీ నడవదు.

ముందు చట్టం ఏమంటోందో చూద్దాం. 1955 నాటి హిందూ వివాహ చట్టంలో ఏడో సెక్షన్‌ను భూతద్దం పెట్టి వెతికినా పురోహితుడన్న మాట దొరకదు. వధూవరుల్లో ఎవరో ఒకరి ఆచారం ప్రకారం తంతు జరగాలి, అందులో సప్తపది ఉంటే ఏడో అడుగు పడగానే పెళ్లి పూర్తయినట్టు. అంతే. చట్టానికి కావలసింది కాళ్లు, నోరు ఎవరిదైనా ఫర్వాలేదు. తంతు జరగకుండా ఉత్త సర్టిఫికెట్ పట్టుకొస్తే పెళ్లి కాదని 2024లో సుప్రీంకోర్టు తేల్చింది. పెళ్లంటే ఆటపాటలు, విందులు కాదని కూడా అదే తీర్పులో చెప్పింది గానీ ఆ ముక్క మన క్యాటరర్ల దాకా ఇంకా చేరినట్టు లేదు.

చరిత్ర కూడా బాబాయిల వైపే మొగ్గుతోంది. బారిస్టరు చదివొచ్చిన కవిరాజు త్రిపురనేని రామస్వామి చౌదరి పెళ్లితంతును తెలుగులో రాసి, స్వయంగా కూర్చుని పెళ్లిళ్లు జరిపించారు. అంతకు చాలా ముందు, 1881 డిసెంబరు 11న రాజమండ్రిలో కందుకూరి వీరేశలింగం తొలి వితంతు వివాహం జరిపిస్తే, దానికి వెళ్లినవాళ్లను కులంలోంచి వెలివేశారు. చుట్టాలు పెళ్లికి రావడానికి భయపడటం ఆనాటి కష్టం. వచ్చి మైకు అందుకోవడం ఈనాటిది.

అమెరికాలో ఉన్న మనవాళ్లు దీన్ని మరీ సులువు చేసుకున్నారు. 1962లో కాలిఫోర్నియాలోని మొడెస్టోలో పుట్టిన యూనివర్సల్ లైఫ్ చర్చ్ ఇప్పుడు ఆన్‌లైన్‌లో నిమిషాల మీద ఎవరినైనా మతగురువును చేసేస్తుంది. మ్యారేజ్ లైసెన్స్ మీద సంతకం పెట్టడానికి చాలా రాష్ట్రాల్లో అది సరిపోతుంది. పొద్దుట జావా కోడ్‌లో తప్పులు దిద్దుకుంటున్న రూమ్మేట్ సాయంత్రానికి రెవరెండ్ అయిపోతాడు. ఇక్కడి బాబాయిలకు ఆ సౌకర్యం లేకపోయినా యూట్యూబ్ ఉంది, దాన్ని మించి ధైర్యం ఉంది.

వృత్తి పురోహితుల లోపాలు అందరికీ తెలిసినవే. మూఢమొస్తే నెలల తరబడి ఖాళీ కాబట్టి, మాఘమాసంలో ఒకే రాత్రికి మూడు పెళ్లిళ్లు ఒప్పుకుంటారు. కన్యాదానం మధ్యలో నడుముకు దోపుకున్న ఫోన్ మోగుతుంది. "ఆఁ, బయల్దేరాను, దార్లోనే ఉన్నా" అని చెప్పి, అదే గొంతుతో "సుముహూర్తే సావధానా" అంటారు. సావధానం మనకో, ఫోన్లో వాళ్లకో తెలియదు. ఆయనిచ్చిన చిట్టా ప్రకారం కొన్న వక్కలు, ఖర్జూరాలు, రవికె ముక్కల్లో సగం పొట్లం విప్పకుండానే ఆయన సంచిలోకి చేరతాయి.

బాబాయి అలా కాదు. బ్యాంకులో రిటైరయ్యారు, గొంతు పెద్దది, సంభావన అడగరు. ఫోన్ మోగదు, ఆయనకు ఫోన్ చేసేవాళ్లంతా ఎదురుగానే కూర్చుని ఉంటారు. మంత్రంలో తడబడినా కొంప మునగదు. తప్పు పట్టగలిగిన ఇద్దరూ అప్పటికే భోజనాల బంతిలో ఉంటారు.

చిక్కంతా ప్రవర దగ్గరే. ముత్తాత, తాత, తండ్రి పేర్లు గోత్రంతో సహా చెప్పాలి కదా. పంతులుగారైతే కాగితం మీద ఏది రాసిస్తే అది చదివి ముందుకు పోతారు. మా బంధువుల ఇంట ఒక పెళ్లిలో బాబాయిగారు ముత్తాత పేరు చెప్పి "నప్త్రే" (మునిమనవడికి) అనబోయి ఆగారు. కళ్లజోడు తీశారు.

"ఈ పేరు తప్పు. ఆయన దత్తత వెళ్లిన మనిషి. ఆ లెక్కన గోత్రం కూడా..." అన్నారు, మైకులోనే.

"ఒరేయ్, ఇప్పుడెందుకురా అవన్నీ!" అన్నాడు పెళ్లికొడుకు తండ్రి.

"ప్రవరలో అబద్ధం చెప్పమంటావా అన్నయ్యా?"

ఆడపెళ్లివారి తరఫు పెద్దాయన ఒకరు కుర్చీ ముందుకు లాక్కున్నారు. దత్తత మాట చెవిన పడగానే మూడో వరసలోంచి మేనత్త లేచి, అదే నిజమైతే కాలవ కింద నాలుగెకరాలు ఎవరికి రావాలో కూడా ఆ మైకులోనే చెప్పమంది. తెరకు అటూ ఇటూ జీలకర్ర బెల్లం ముద్దలు పట్టుకున్న వధూవరుల వేళ్ల సందుల్లోంచి పాకం కారుతోంది. గొడవ ముదురుతోందని సన్నాయి ఆయన గట్టిమేళం అందుకున్నాడు. అది ముహూర్తమనుకుని జనం అక్షింతలు వేసేశారు. ఆ విధంగా నాటి ఆశీర్వాదాలన్నీ దత్తత వివాదానికి దక్కాయి.

వృత్తి పురోహితుడికి ఉన్న అసలు అర్హత ఇప్పటికి మీకు బోధపడి ఉండాలి. ఆయన పరాయివాడు. "పంతులుగారూ, కాస్త త్వరగా కానివ్వండి" అని ఆయన్ని పదేళ్ల కుర్రాడైనా అనగలడు. ముహూర్తం దాటితే తప్పు ఆయనదే. రేపు కోడలు అత్తగారి మాట వినకపోతే, ముహూర్తం పెట్టిన పాపమూ ఆయనదే. ఇంత నింద మోయడానికి ఆయన తీసుకునేది చాలా తక్కువ. బాబాయిని అనండి చూద్దాం! దగ్గొచ్చినప్పుడు మంచినీళ్లివ్వలేదని పిన్ని ఇరవయ్యేళ్లు చెప్పుకుంటుంది. పట్టుబట్టలు పెడితే, "మేమేమైనా పౌరోహిత్యానికొచ్చామా?" పెట్టకపోతే, "పౌరోహిత్యానికొచ్చిన వాళ్లకైనా పెడతారు!"

అన్ని పక్షాలనూ గౌరవిస్తూ ఈ వ్యాసకర్త ఒక రాజీ సూచన చేస్తున్నాడు. పీట, మైకు పంతులుగారివి. బాబాయిగారిని ప్రవర పరిశీలకులుగా నియమించి, నిశ్చితార్థానికి నెల ముందే మూడు తరాల పేర్లూ కాగితం మీద తేల్చి, అందరి చేతా సంతకాలు పెట్టించాలి. మా ఇంట్లో రాబోయే పెళ్లికి ఈ పద్ధతి అమలు చేస్తున్నాం. బాబాయి పెట్టారు, పెదనాన్న పెట్టారు. నాలుగెకరాల సంగతి తేలందే పెట్టేది లేదని మేనత్త పెన్ను మూత బిగించేసి కూర్చుంది.